మైక్రోమ్యాక్స్ కథ: వంట వాళ్ళది, వడ్డన మనది

ప్రశ్న: బీరువా సర్దుతుంటే నాన్నగారు వాడిన మైక్రోమ్యాక్స్ కాన్వాస్ 2 దొరికింది. ఈ కంపెనీ ఒకప్పుడు మన దేశంలో శాంసంగ్‌నే దాటిందంటే ఇంజనీరింగ్ చదివే మా అబ్బాయి నవ్వుతున్నాడు. నిజంగా దాటిందా? దాటితే అంత త్వరగా ఎలా కనుమరుగైంది? చైనా కంపెనీలు వచ్చి చంపేశాయనే మాట సరైనదేనా? ఈ ఫోను ఇప్పుడు దేనికైనా పనికొస్తుందా?

సమాధానం:

దాటింది. మీ అబ్బాయికి అంకెలే చూపించండి. 2014 చివరి మూడు నెలల్లో మన దేశపు స్మార్ట్‌ఫోన్ల మార్కెట్లో మైక్రోమ్యాక్స్ వాటా 22 శాతం, శాంసంగ్ వాటా 20 శాతం అని కెనాలిస్ అనే పరిశోధన సంస్థ 2015 ఫిబ్రవరిలో ప్రకటించింది. శాంసంగ్ ఒప్పుకోలేదు. జీఎఫ్‌కే అనే మరో సంస్థ లెక్కలు తీసి, తామే ముందున్నామంది. ఒకరు కంపెనీ నుంచి బయలుదేరిన సరుకును లెక్కిస్తారు, ఇంకొకరు దుకాణంలో బిల్లయిన సరుకును లెక్కిస్తారు. అందుకే ఈ తగాదా ఎప్పటికీ తెగదు. దానికి ముందు, 2014 ఏప్రిల్-జూన్ నెలల్లో మామూలు ఫోన్లు, స్మార్ట్‌ఫోన్లు కలిపి చూస్తే మైక్రోమ్యాక్స్ 16.6 శాతం, శాంసంగ్ 14.4 శాతం అని కౌంటర్‌పాయింట్ సంస్థ చెప్పింది. నోకియా మూడో స్థానానికి జారిపోయింది. నోకియాను మూడో స్థానంలో చూడటం మా వ్యాపారంలో ఉన్నవాళ్ళకు ఇంట్లో పెద్దాయన మంచం పట్టినట్టుగా అనిపించింది.

నేను 2006 నుంచి 2018 దాకా విజయవాడలో ఫోన్ల టోకు వ్యాపారం చేశాను. ముందు గదిలో చిల్లర కౌంటరు, వెనక గోదాము. కాబట్టి ఈ కథలో కొంత పత్రికల్లో వచ్చినది, కొంత కౌంటరు వెనక నిలబడి చూసినది.

మైక్రోమ్యాక్స్ పుట్టినప్పుడు ఫోన్ల కంపెనీ కాదు. 2000లో రాజేశ్ అగర్వాల్, సుమీత్ కుమార్, రాహుల్ శర్మ, వికాస్ జైన్ అనే నలుగురు కలిసి మైక్రోమ్యాక్స్ ఇన్ఫర్మాటిక్స్ పేరుతో దీన్ని నడపడం మొదలుపెట్టారు. తర్వాత గుర్గావ్ కేంద్రమైంది. కంప్యూటర్ల పనులు, టెలికం పరికరాల పంపిణీ చేసేవారు. నోకియా 32 అని ఒక చిన్న పెట్టె ఉండేది. అందులో సిమ్ వేసి మామూలు బల్ల ఫోను తగిలిస్తే తీగ లేని ఊళ్ళో కూడా పీసీఓ నడిచేది. ఎయిర్‌టెల్ కోసం ఇలాంటి పీసీఓ పరికరాలు ఊళ్ళకు చేర్చడం వీళ్ళ పని. నోకియా ఆ పెట్టెల వ్యాపారం నుంచి తప్పుకున్నాక వీళ్ళే తయారు చేయించారు. మహానగరాల అద్దాల షోరూముల్లో కూర్చున్నవాళ్ళకు తెలియని సంగతి ఒకటి అక్కడే వీళ్ళకు తెలిసింది: ఊళ్ళో కరెంటు ఎప్పుడు వస్తుందో, ఎప్పుడు పోతుందో.

రాహుల్ శర్మ చాలాసార్లు చెప్పిన కథ ఇది. 2007 ప్రాంతంలో పశ్చిమ బెంగాల్‌లోని బహరంపూర్ దగ్గర ఒక పీసీఓ లారీ బ్యాటరీ మీద నడుస్తూ కనిపించిందట. దాని యజమాని రోజూ రాత్రి ఆ బ్యాటరీని సైకిల్ మీద కట్టుకుని, కరెంటు ఉన్న చోటికి పది పన్నెండు కిలోమీటర్లు తొక్కి, చార్జింగ్ పెట్టి, పొద్దున్నే తిరిగి తెచ్చేవాడట. కంపెనీలు పుట్టుక కథలను బాగా పాలిష్ చేసుకుంటాయి, అది నాకు తెలుసు. కానీ దాని నుంచి వచ్చిన ఫోను మాత్రం నా చేతుల మీదుగానే పోయింది. 2008లో వచ్చిన ఎక్స్1ఐ. అందరి జేబుల్లో ఉండే నోకియా బీఎల్-5సి బ్యాటరీ వెయ్యి ఎంఏహెచ్‌కు అటూ ఇటూ ఉన్న రోజుల్లో, దీంట్లో 1800 ఎంఏహెచ్ బ్యాటరీ పెట్టారు. ఒకసారి చార్జ్ చేస్తే ముప్పై రోజులు స్టాండ్‌బై అని ప్రకటన. ధర రెండు వేల పైచిలుకు. పదివేల ఫోన్లతో మొదలుపెట్టి, అవి పది రోజుల్లో అమ్ముడుపోయాయని కంపెనీ చెప్పుకుంది. మా వైపు రొయ్యల చెరువుల దగ్గర కాపలా ఉండేవాళ్ళు దీన్ని అడిగి మరీ కొన్నారు. చెరువు గట్టు మీద గుడిసెలో ప్లగ్గు ఎక్కడిది?

అయితే ఒక్క బ్యాటరీతో బ్రాండు నిలబడలేదు. నిలబెట్టినవి రెండు. ఒకటి రెండు సిమ్‌లు, రెండోది పదిహేను అంకెలు.

రెండు సిమ్‌ల సంగతి మీ అబ్బాయి తరానికి వింతగా ఉంటుంది. 2009 జూన్‌లో టాటా డొకోమో సెకనుకు ఒక పైసా చొప్పున లెక్క మొదలుపెట్టగానే మిగతావాళ్ళూ దిగివచ్చారు. పాత నంబరు వదులుకోలేరు, కొత్త నంబరులో మాట చవక. దాంతో జేబులో రెండు ఫోన్లు, లేకపోతే పర్సులో చిల్లరతో పాటు ఒక సిమ్. నోకియా ఈ అవసరాన్ని చూసీ చూడనట్టు ఊరుకుంది. రెండు సిమ్‌లూ ఒకేసారి పలికే చవక ఫోను అది మన మార్కెట్లోకి సరిగా తెచ్చేసరికి 2011 వచ్చింది. ఆ రెండు మూడేళ్ళ ఖాళీలోనే మైక్రోమ్యాక్స్, కార్బన్, లావా, స్పైస్, మన హైదరాబాదు సెల్‌కాన్ అన్నీ పెరిగాయి.

ఇక పదిహేను అంకెలు. ప్రతి ఫోనుకూ ఐఎంఈఐ అనే నంబరు ఉండాలి. అప్పట్లో పెట్టె మీద పేరు లేని చైనా ఫోన్లు సంచుల్లో వచ్చేవి. హైదరాబాదు జగదీశ్ మార్కెట్ నుంచి మా దాకా ఆ ప్రవాహం ఆగేది కాదు. పెద్ద స్పీకరు, రెండు సిమ్‌లు, కొన్నింటికి టీవీ యాంటెన్నా కూడా. స్టార్, హ్యాష్, సున్నా, ఆరు, హ్యాష్ నొక్కితే తెర మీద ఐఎంఈఐ రావాలి కదా, వీటిలో చాలావాటికి పదిహేను సున్నాలు వచ్చేవి. భద్రత కారణాలతో, సరైన ఐఎంఈఐ లేని ఫోన్లకు 2009 నవంబరు 30 అర్ధరాత్రి నుంచి నెట్‌వర్కు ఆపేయాలని టెలికం శాఖ ఆదేశించింది. చివరి వారాల్లో 199 రూపాయలు తీసుకుని అసలైన నంబరు ఎక్కించే ఏర్పాటు కూడా అధికారికంగా పెట్టారు. ఫోనుకు తీగ తగిలించి, కంప్యూటరు తెర మీద గీత నిండేదాకా మనిషి కౌంటరు అంచు పట్టుకుని నిలబడేవాడు. గీత నిండాక మళ్ళీ నంబర్లు నొక్కి, సున్నాల బదులు అంకెలు కనిపిస్తే అమ్మయ్య అనుకుని వెళ్ళేవాడు.

ఆ అర్ధరాత్రి తర్వాత జనానికి కావలసింది మారలేదు. అదే స్పీకరు, అవే రెండు సిమ్‌లు, అదే ధర కావాలి. దానికి తోడు ఒక పేరు, ఒక బిల్లు, ఒక సర్వీసు సెంటరు చిరునామా ఉండాలి. పేరు లేని సరుకుకు పేరు పెట్టి, పన్ను కట్టి, వారంటీ కార్డు వేసి అమ్మడమే తొలి రోజుల దేశీయ బ్రాండ్ల వ్యాపారం. నేను చిన్నచూపుతో అనడం లేదు. ఆ వారంటీ కార్డుకు విలువ ఉంది.

ఇక్కడ మైక్రోమ్యాక్స్‌కూ మిగతావాళ్ళకూ తేడా ఏమిటంటే, తమాషా మీద వాళ్ళకున్న గురి. ఎక్స్235 అని ఒక ఫోను టీవీ రిమోటుగా పనిచేసేది. ఎక్స్450 వాన్‌గో అనే దాని వెనక ఒక గూడు, ఆ గూట్లో చిన్న బ్లూటూత్ ఇయర్‌ఫోను. లాగి చెవికి పెట్టుకోవడం, తిరిగి గూట్లో పెడితే అదే చార్జ్ అవడం. ఇయర్‌ఫోన్లు డబ్బాలో చార్జ్ అవుతుంటే ఇవాళ ఎవరూ ఆశ్చర్యపోరు. 2010 ప్రాంతంలో మా కౌంటరు ముందు దాన్ని పది సార్లు లాగి పెట్టి చూసి, కొనకుండా వెళ్ళినవాళ్ళు కూడా నాలుగు ఊళ్ళలో చెప్పారు. ఆడవాళ్ళ కోసమని రాళ్ళు పొదిగిన బ్లింగ్ వచ్చింది. ప్రచారానికి అక్షయ్ కుమార్, ట్వింకిల్ ఖన్నా. 2010 ఆసియా కప్‌కు పేరే మైక్రోమ్యాక్స్ ఆసియా కప్. క్రికెట్ తెర మీద పేరు కనిపిస్తే పల్లెటూరి దుకాణదారుకు ఆ సరుకు గురించి వేరే చెప్పనక్కరలేదు.

డబ్బు విషయంలో వాళ్ళ పద్ధతి మా బోటివాళ్ళకు మొదట్లో మింగుడుపడలేదు. పెద్ద కంపెనీల సరుకు అరువు మీద తిరుగుతుంటే, వీళ్ళు ముందు డబ్బు, తర్వాత సరుకు అన్నారు. బదులుగా మార్జిన్ ఎక్కువ ఇచ్చారు. ఎక్కువ మార్జిన్ ఎప్పుడూ సగం లంచం, సగం పరీక్ష. సరుకు కదిలితే టోకు వ్యాపారి ఆ లాభంతోనే మళ్ళీ ముందు డబ్బు కడతాడు. కదలకపోతే రెండో నెల ఫోను ఎత్తడు. వాళ్ళ సరుకు కదిలింది. అలా మా డబ్బుతోనే వాళ్ళ చక్రం తిరిగింది. 2010లో టీఏ అసోసియేట్స్ వంటి పెట్టుబడి సంస్థలు వచ్చాయి. షేర్లు జారీ చేయడానికి పత్రాలు కూడా వేశారు, కానీ 2011లో మార్కెట్ బాగోలేదని వెనక్కి తీసుకున్నారు. ఆ రోజు ఆ డబ్బు వచ్చి ఉంటే ఏమయ్యేదో అని నేను చాలాసార్లు అనుకున్నాను.

ఇప్పుడు మీ నాన్నగారి ఫోను దగ్గరికి వద్దాం. ఆ సంస్థ తీసుకొచ్చిన ఫోన్లన్నిటిలో నాకు గౌరవం ఉన్నది దాని మీదే.

2012 చివరలో పెద్ద తెర ఫోను అంటే శాంసంగ్ నోట్ 2. ధర నలభై వేలకు దగ్గర. పది వేల లోపు ఇస్తే ఎక్కువగా మూడున్నర అంగుళాల తెర, దాని మీద అక్షరాలు చీమల్లా కనిపించేవి. ఆ నవంబరులో కాన్వాస్ 2 వచ్చింది. ఐదంగుళాల ఐపీఎస్ తెర, ఎనిమిది మెగాపిక్సెల్ కెమెరా, రెండు సిమ్‌లు, 9,999 రూపాయలు. లోపల మీడియాటెక్ 6577 చిప్, ర్యామ్ 512 ఎంబీ మాత్రమే. ఆ ర్యామ్ విషయంలో పొదుపు చేశారని తెలిసినవాళ్ళకు తెలుసు. కానీ తెర మీద చేయలేదు. ఒక కాలేజీ లెక్చరర్ గారు మా కౌంటరు మీద తన పాత ఫోనునూ దీన్నీ పక్కపక్కన పెట్టి, రెండింటిలోనూ ఒకే దినపత్రిక తెరిచారు. కళ్ళద్దాలు నుదుటి మీదికి జరిపి కొంచెంసేపు చదివారు. బేరం ఆడకుండా నోట్లు లెక్కపెట్టారు. ఆ నెలల్లో సరుకు దొరకడమే కష్టమైంది. పది అడిగితే మూడు పంపేవారు. 2013 ఫిబ్రవరిలో కాన్వాస్ హెచ్‌డీ వచ్చింది, నాలుగు కోర్ల చిప్‌తో, పద్నాలుగు వేల లోపు. దానికి నెల ముందే శాంసంగ్ కూడా గ్రాండ్ పేరుతో ఐదంగుళాల ఫోను 21,500కు దింపింది. పెద్ద కంపెనీ చిన్న కంపెనీని చూసి కదిలిన అరుదైన సందర్భం అదని నాకనిపించింది. ఆ ఏడాది చివరికి కాన్వాస్ టర్బో ప్రచారానికి హాలీవుడ్ నుంచి హ్యూ జాక్‌మన్‌ను తెచ్చారు. అప్పుడే నాకు కొంచెం భయం వేసింది. పెళ్ళికి అప్పు చేసి ఏనుగును తెచ్చినవాళ్ళను చూశాను కాబట్టి.

ఇంత వేగం ఎలా సాధ్యమైంది? మీ రెండో ప్రశ్నకూ మూడో ప్రశ్నకూ జవాబు ఇందులోనే ఉంది.

ఫోను తయారు చేయడమంటే ఒకప్పుడు వందల మంది ఇంజనీర్లు, ఏళ్ళ తరబడి పని. తైవాన్‌కు చెందిన మీడియాటెక్ దాన్ని మార్చేసింది. చిప్ ఒక్కటే ఇవ్వకుండా, దాని చుట్టూ బోర్డు ఎలా ఉండాలో, సాఫ్ట్‌వేర్ ఏమిటో అన్నీ కట్టగట్టి ఇచ్చింది. చైనాలోని షెన్‌జెన్ నగరంలో ఉన్న డిజైన్ సంస్థలు ఆ కట్ట విప్పి, తెర, బ్యాటరీ, కెమెరా చేర్చి, సిద్ధమైన ఫోన్లను వరుసగా పేర్చి చూపేవి. మన కంపెనీ ప్రతినిధి వెళ్ళి, ఇది బాగుంది, దీనికి రెండో సిమ్ పెట్టండి, స్పీకరు పెంచండి, మూత రంగు మార్చండి, మా పేరు వేయండి అనేవాడు. కొన్ని నెలల్లో సరుకు ఓడ దిగేది, కొన్నిసార్లు విమానమే దిగేది. కూర్చున్నవాళ్ళ ఆకలి తెలిసి, ఎవరికి ఏది వడ్డించాలో ఎంచుకోవడం మైక్రోమ్యాక్స్ విద్య. ఆ విద్యలో వాళ్ళను మించినవాళ్ళు లేరు. కానీ వంటగది వాళ్ళది కాదు.

కాబట్టి "చైనా కంపెనీలు వచ్చి చంపేశాయి" అనే మాట నాకు సగమే నచ్చుతుంది. మైక్రోమ్యాక్స్ అమ్మినవీ చైనాలో పుట్టిన ఫోన్లే. జరిగింది ఏమిటంటే, వంటవాడు తానే హోటలు తెరిచాడు. జియోనీ అనే కంపెనీ మన బ్రాండ్లకు ఫోన్లు చేసిపెట్టేది. తర్వాత తన పేరుతోనే ఇక్కడికి వచ్చింది. మైక్రోమ్యాక్స్ 2014 డిసెంబరులో యూ అనే కొత్త బ్రాండు పెట్టి, యురేకా ఫోనును 8,999కి తెచ్చింది. విప్పి చూస్తే అది కూల్‌ప్యాడ్ అనే చైనా కంపెనీ ఎఫ్2 ఫోనే. మరుసటి ఏడాది అక్టోబరులో కూల్‌ప్యాడ్ నేరుగా వచ్చి, 3 జీబీ ర్యామ్, వేలిముద్ర సెన్సరు ఉన్న నోట్ 3ని అదే 8,999కి పెట్టింది. మధ్యవర్తి మార్జిన్ పోయాక అదే ధరకు ఎంత ఎక్కువ ఇవ్వవచ్చో చెప్పడానికి ఇంతకన్నా శుభ్రమైన లెక్క నాకు దొరకలేదు.

యూ సంగతి వచ్చింది కాబట్టి ఒక చిన్న పక్కకథ. సైనోజెన్ అనే సంస్థ తన ఆండ్రాయిడ్ సాఫ్ట్‌వేరును వన్‌ప్లస్ అనే చైనా ఫోన్ల కంపెనీకి ఇచ్చింది. తర్వాత భారతదేశానికి మాత్రం ప్రత్యేక హక్కు మైక్రోమ్యాక్స్‌కు రాసిచ్చింది. మైక్రోమ్యాక్స్ ఢిల్లీ హైకోర్టుకు వెళ్ళి 2014 డిసెంబరు 16న వన్‌ప్లస్ అమ్మకాలను ఆపించింది. వారం తిరగ్గానే డివిజన్ బెంచి ఆ ఉత్తర్వును పక్కనపెట్టింది. ఫలితం చూడండి. వన్‌ప్లస్ బుద్ధి తెచ్చుకుని సొంతంగా ఆక్సిజన్ ఓఎస్ అనే సాఫ్ట్‌వేరు రాసుకుంది, అదే తర్వాత దానికి పేరు తెచ్చింది. సైనోజెన్ 2016 చివరకు దుకాణం కట్టేసింది. అరువు తెచ్చుకున్న సాఫ్ట్‌వేరు మీద ప్రత్యేక హక్కు కోసం కోర్టుకెక్కినవాళ్ళ చేతిలో ఏమీ మిగల్లేదు.

ఈలోగా ఆన్‌లైన్ అమ్మకాలు. 2014 ఫిబ్రవరిలో మోటో జీ, జులైలో షావోమీ మీ 3, సెప్టెంబరులో 5,999కి రెడ్‌మీ 1ఎస్, అన్నీ ఫ్లిప్‌కార్ట్‌లోనే. దుకాణదారుకు, టోకు వ్యాపారికి, ప్రకటనలకు ఇచ్చే డబ్బంతా ధరలోంచి తీసేశారు. మైక్రోమ్యాక్స్ బలమంతా నా వంటి వాళ్ళ వల, ఆ వలకు కూలి ఇవ్వాలి. అదే సెప్టెంబరులో, చవక ఫోన్ల కోసం గూగుల్ పెట్టిన ఆండ్రాయిడ్ వన్ పథకం కింద మైక్రోమ్యాక్స్, కార్బన్, స్పైస్ తలా ఒక ఫోను తెచ్చాయి. కాన్వాస్ ఏ1 ధర 6,499. దాన్ని మొదట ఆన్‌లైన్‌లోనే అమ్మారు. ఆ తర్వాత దుకాణాలకు పంపుతామంటే చాలామంది వద్దన్నారు. కౌంటరు ముందున్న కుర్రాడు ఫోను తీసి ధర చూపించి, "ఆన్‌లైన్‌లో ఇంతే ఉంది కదా" అంటే మేము ఏ ముఖం పెట్టుకోవాలి? రెండు పడవల మీద కాలు పెట్టిన రోజులవి.

పైన కూడా గొడవలే. 2014లో ఎయిర్‌టెల్ మాజీ అధిపతి సంజయ్ కపూర్‌ను ఛైర్మన్‌గా, శాంసంగ్ నుంచి వినీత్ తనేజాను సీఈఓగా తెచ్చారు. కపూర్ మరుసటి ఏడాదే బయటికి వెళ్ళారు, తనేజా కూడా నిలవలేదు. అలీబాబా పెద్ద మొత్తం పెడుతుందని 2015లో వార్తలు వచ్చాయి, బేరం కుదరలేదని మళ్ళీ వార్తలు వచ్చాయి. ఉత్తరాఖండ్‌లోని రుద్రపూర్‌లో 2014లో సొంత కర్మాగారం మొదలుపెట్టారు. అందులో జరిగేది బిగింపు పని. మంచిదే, కానీ బిగింపు నేర్చుకోవడం వేరు, డిజైను నేర్చుకోవడం వేరు. డబ్బు దండిగా వచ్చిన 2013, 2014 సంవత్సరాల్లో రెండు మూడు వందల మంది ఇంజనీర్లను కూర్చోబెట్టి సొంత డిజైను మొదలుపెట్టి ఉంటే కథ మారేదని నా అభిప్రాయం. అప్పుడు అందరికీ వాటా శాతం కావాలి, ఆ శాతం వచ్చే నెలలోనే కావాలి. నాకూ అదే కావాలి, నిజం ఒప్పుకోవాలి.

ఆఖరి దెబ్బ ఒక సిమ్. 2016 సెప్టెంబరు 5న జియో మొదలైంది. వాళ్ళది పూర్తిగా 4జీ, మాట కూడా 4జీ మీదే నడవాలి, 2జీ, 3జీ అసలు లేవు. మా వీధిలో సిమ్ కోసం వరస మెలికలు తిరిగింది. సిమ్ తెచ్చుకున్న ఆటో డ్రైవరు ఒకాయన రెండేళ్ళ కిందట మా దగ్గరే కొన్న 3జీ ఫోను తెచ్చి, "ఇది పడుతుందా అండీ?" అన్నాడు. సిమ్ పడుతుంది. సిగ్నల్ గీతలే రావు. ఏడాది చివరి దాకా ఉచితం అన్న దాని ముందు, బాగా పనిచేస్తున్న ఫోను ఒక్క రోజులో పాతబడిపోయింది. దేశీయ కంపెనీల గోదాముల్లో, మా గోదాముల్లో పేరుకుని ఉన్నది ఎక్కువగా 3జీ సరుకే. నా దగ్గర నాలుగు వందల పైచిలుకు పెట్టెలు ఉండిపోయాయి. ఏ కంపెనీలవో ఇప్పుడు అనవసరం. ధర తగ్గితే తేడా తిరిగి ఇస్తామని నోటి మాటగా చెప్పినవాళ్ళు ఫోను ఎత్తడం మానేశారు. రెండు నెలలకు నవంబరు 8న పెద్ద నోట్ల రద్దు. చవక ఫోను నగదుతో కొనేవాడి సరుకు. నగదు లేని ఆ డిసెంబరులో కౌంటరు మీద దుమ్ము తుడుచుకుంటూ కూర్చున్నాం.

అదే సమయంలో ఒప్పో, వివో వచ్చి మేము చూడని పద్ధతిలో డబ్బు కుమ్మరించాయి. దుకాణం ముందు వెలిగే బోర్డు వాళ్ళే పెట్టిస్తారు, అద్దెలా డబ్బు ఇస్తారు, అమ్మే కుర్రాడిని వాళ్ళ జీతం మీద నిలబెడతారు. ఐపీఎల్ పేరే వివో ఐపీఎల్ అయింది. మైక్రోమ్యాక్స్ 2010లో నేర్పిన పాఠాన్నే పది రెట్ల డబ్బుతో వాళ్ళు అప్పజెప్పారు. 2016 చివరి త్రైమాసికానికి మొదటి ఐదు స్థానాల్లో ఒక్క భారతీయ కంపెనీ లేదు. ఏడాది తిరిగేసరికి షావోమీ శాంసంగ్‌నే దాటింది.

ఆ తర్వాతది త్వరగా చెబుతాను. 2017 అక్టోబరులో బీఎస్ఎన్ఎల్‌తో కలిసి 2,200 రూపాయలకు భారత్-1 అనే 4జీ బటన్ల ఫోను తెచ్చారు. అప్పటికే జియో ఫోను పదిహేను వందల వాపసు డిపాజిట్‌తో రంగంలో ఉంది. రాహుల్ శర్మ రివోల్ట్ పేరుతో విద్యుత్ మోటారుసైకిళ్ళ వైపు వెళ్ళారు. 2020లో గల్వాన్ ఘర్షణ తర్వాత చైనా సరుకు మీద కోపం ఉన్న గాలి చూసుకుని, నవంబరులో ఇన్ నోట్ 1, ఇన్ 1బీ అనే ఫోన్లతో తిరిగి వచ్చారు. ఫోన్లు చెడ్డవేమీ కావు, ప్రకటనలు లేని శుభ్రమైన ఆండ్రాయిడ్ ఇచ్చారు. కానీ దుకాణాల వల అప్పటికే తెగిపోయింది, ఆవేశం మీద కొనేవాళ్ళు ఒక్కసారే కొంటారు. రెండేళ్ళలో మళ్ళీ చప్పుడు తగ్గింది. మైక్రోమ్యాక్స్ యజమానులదే అయిన భగవతి ప్రొడక్ట్స్ మాత్రం బతికే ఉంది. 2020లో కేంద్రం ఉత్పత్తి ప్రోత్సాహక పథకానికి ఎంపిక చేసిన భారతీయ కంపెనీల్లో అదొకటి. ఇప్పుడు ఇతర బ్రాండ్ల ఫోన్లు బిగించి ఇస్తోంది. వడ్డించినవాళ్ళు వంటగదిలోకి వెళ్ళారు, విస్తరి మీద పేరు ఇంకొకరిది.

ఇక మీ చేతిలో ఉన్న ఫోను. చార్జరు పెట్టేముందు వెనక మూత తీయండి. కింది మూల దగ్గర గోరు పట్టే సందు ఉంటుంది, నెమ్మదిగా లాగితే వస్తుంది. బ్యాటరీ మీద అరచేయి ఆనించి చూడండి. మధ్యలో ఉబ్బి ఉన్నా, బల్ల మీద పెట్టి తిప్పితే బొంగరంలా తిరిగినా దాన్ని వాడకండి, గుచ్చకండి, చెత్తబుట్టలో వేయకండి. ఈ-వ్యర్థాలు తీసుకునే చోట ఇవ్వండి. చదునుగానే ఉంటే ఒకసారి చార్జ్ పెట్టి, పక్కనే కూర్చుని చూడండి.

జియో సిమ్ దీంట్లో పనిచేయదు. ఎయిర్‌టెల్ సిమ్ వేస్తే 2జీ మీద మాట వస్తుంది, అయితే ఇప్పటి చిన్న సిమ్‌కు అడాప్టరు కావాలి. అడాప్టరులో సిమ్ ఊడి లోపల ఇరుక్కుంటే తీయడం కష్టం, చిన్న టేపు ముక్క వేసి పెట్టండి. వాట్సాప్ రాదు. ఆండ్రాయిడ్ 4.0.4కు వాళ్ళు 2021 నవంబరులోనే సెలవు చెప్పారు. అన్నిటికన్నా ముందు గ్యాలరీ తెరిచి చూడండి, మెమరీ కార్డు తీసి కంప్యూటరులో పెట్టి నాన్నగారు తీసిన ఫోటోలు ఉంటే దించుకోండి. పాత కార్డులు ఉన్నట్టుండి చదవడం మానేస్తాయి, అందుకని ఇవాళే చేయండి. ఆ తర్వాత తీగ ఉన్న ఇయర్‌ఫోన్లు పెట్టి ఎఫ్ఎం నొక్కండి. ఆ తీగే యాంటెన్నా. దానికి ఏ సిమ్మూ అక్కరలేదు, ఇప్పటికీ పాడుతుంది.